గంగమ్మకు చేసిన సాయం

పోయిన వారం మనం సాజియాను గంగమ్మ గుండం మెట్ల మీద వదిలిపెట్టి వచ్చాం. చుట్టూ ఊరు ఊరంతా చేరి ఈలలు, కేకలు. ఆమె మాత్రం నోట మాట రాక నిలబడిపోయింది. మాట ఎందుకు రాలేదో ఈ వారం చూద్దాం. కొత్తగా వచ్చి కూర్చున్నవాళ్ల కోసం ముందు నాలుగు ముక్కలు.

కర్నూలు సీమ అయిపోయి కడప సీమ మొదలయ్యే చోట, నాపరాళ్ల గనుల నడుమ గుండాలపల్లె అని ఒక ఊరు. ఊరికి పైన మిట్ట మీద పెద్ద బిలం. ఎంత వాన కురిసినా గటగటా తాగేసి, ఇంకా ఉంటే తెండి అన్నట్టు నోరు తెరుచుకునే ఉంటుంది కాబట్టి దాన్ని మింగుడుబిలం అంటారు. ఊరికి కింద గంగమ్మ గుడి. గుడి ముందు గుండం. అందులోకి రాతి చీలికలోంచి ఎండాకాలంలో కూడా ఆగని ఊట. పైన మింగిన నీళ్లనే గంగమ్మ కింద మనకిస్తోందని ఊరివాళ్ల నమ్మకం. ఇప్పుడా బిలంలో రాళ్ల పాలిష్ ఫ్యాక్టరీలవాళ్లు ట్యాంకర్లతో తెచ్చి తెల్లబురద పోస్తున్నారు. మా గుండం పాడైపోతుందని ఊరు మొత్తుకుంటోంది. దానికీ దీనికీ సంబంధం ఉందని రుజువు చూపించండి అంటాడు ఫ్యాక్టరీల సంఘం కార్యదర్శి జయకుమార్.

ఆ రుజువు కోసం వచ్చిన పిల్ల సాజియా. కర్నూలు అమ్మాయి, భూమి లోపలి నీళ్ల మీద పరిశోధన చేస్తోంది. గుండాలపల్లెలో దండోరా వేయించి, అందరూ చూస్తుండగా బిలంలో ఫ్లోరెసీన్ అనే రంగు పోసింది. పొడిగా ఉన్నప్పుడు ఇటుకపొడిలా ఉండే ఆ రంగు నీళ్లలో పడితే చిలకపచ్చగా మెరుస్తుంది. మనిషికీ గొడ్డుకీ హాని చెయ్యదు. బిలంలో పోసిన రంగు గుండంలో తేలితే బురద కూడా ఆ దారినే వస్తున్నట్టు లెక్క. రోజులు గడిచాయి. గుండం అద్దంలా తేటగానే ఉండిపోయింది. అధికారులు వచ్చి విచారణ చేసే రోజు ముంచుకొచ్చింది. అప్పుడు, నిన్న పొద్దున ఊరు లేచి చూసేసరికి, గుండం చిలకపచ్చగా మెరిసింది.

ఊరు పండగ చేసుకుంది. మాజీ సర్పంచ్ రామలింగప్ప బెల్లం దిమ్మ తెచ్చి పగలగొట్టి పంచాడు. కుర్రకారు వీడియోలు తీసి జిల్లా అధికారులకు పంపారు. సాజియా నోట్లో కూడా ఎవరో బెల్లం ముక్క పెట్టారు. అది చప్పరిస్తూనే ఆమె గుండం వైపు చూసింది. ఇంత చిక్కటి రంగు ఒక్కసారిగా ఎలా వచ్చింది? నేల లోపల అంత దూరం నడిచివచ్చిన రంగు అలిసిపోయి, పలచబడి, కొంచెం కొంచెంగా రావాలి కదా? పైగా మధ్యాహ్నానికే నీళ్లు మళ్లీ తేటపడ్డాయి. నిన్న ఆమె నోట మాట రాకపోవడానికి కారణం ఆనందం కాదు, ఇదీ.

మంచి వార్త వినగానే సంతోషించడం లోకం తీరు. మంచి వార్త వినగానే ఇంకోసారి కొలిచి చూడటం సాజియా చదివిన చదువు తీరు. ఆ చదువు మనిషిని ఎంత సుఖపెడుతుందో ఇంతవరకు ఎవరూ చెప్పలేదు. ఈ పొద్దున ఆమె మోకాళ్ల లోతు నీళ్లలో దిగి, ముందే కట్టి ఉంచిన బొగ్గు పొట్లాలు రెండు విప్పింది. కళ్లకు కనబడనంత రంగునైనా ఆ బొగ్గు పీల్చి దాచుకుంటుంది. ఒక పొట్లం గుండం మధ్యలోది. రెండోది ఊట వచ్చే రాతి చీలిక లోపలిది. గుడి అరుగు మీద కూర్చుని రెండింటినీ, బొగ్గు పట్టిన రంగును విడిపించే మందున్న రెండు సీసాల్లో నానబెట్టింది. గుండంలోని పొట్లం చూస్తుండగానే పచ్చగా మెరిసింది. చీలికలోని పొట్లం వేసిన సీసా ఎంతసేపు చూసినా మంచినీళ్లలా ఉండిపోయింది.

సీసాను ఎండకెత్తి చూసింది. తిప్పి చూసింది. మందు మార్చి చూసింది. ఏమీ లేదు. గుండంలోకి నీళ్లు వచ్చే వాకిలి ఆ చీలిక ఒక్కటే. వాకిట్లోంచి రాని మనిషి వంటింట్లో కూర్చుని అన్నం తింటుంటే, గోడ దూకి వచ్చాడనే అర్థం.

సీసాలు సంచిలో పెట్టుకుని గుడి వెనక్కి నడిచింది. అక్కడొక గదిలో గుడి చూసుకునే ఉరుకుందమ్మ ఉంటుంది. ఈ పని మొదలైనప్పటి నుంచీ సాజియా మకాం కూడా అక్కడే. ఉరుకుందమ్మ కొడుకూ కోడలూ ఉండేది ఆదోనిలో. ఈ పిల్ల వచ్చాక ముసలామెకు మళ్లీ ఇంకో మనిషికి అన్నం వండే పని దొరికింది. తురకల పిల్ల గంగమ్మ గుడిలో ఏంటని ఒకరిద్దరు సణిగితే, "నీళ్ల కోసం వచ్చినోళ్లది ఏ కులమైతే నీకేంది?" అని వాళ్ల నోరు మూయించింది కూడా ఆమే.

అవ్వ బావి గట్టు దగ్గర గిన్నెలు తోముతోంది. పక్కన బూడిద, కొబ్బరి పీచు. ఇత్తడి బిందెలోంచి కాలవలోకి పారుతున్న నీళ్లు చిలకపచ్చగా మెరుస్తున్నాయి.

"అవ్వా, ఆ నీళ్లేంది పచ్చగుండాయి?"

"యాడ పచ్చగుండాయి?" అవ్వ తలెత్తలేదు. "కొత్త సబ్బు."

"నువ్వు తోముతాండేది బూడిదతో గదా."

అవ్వ పీచు పక్కన పెట్టింది. చేతులు చూసుకుంది. గోళ్ల సందుల్లో ఇటుకరంగు. కొంగుతో దాచబోయి, దాచడం దండగ అనుకుందో ఏమో, పకపకా నవ్వేసింది.

"నాలుగు సార్లు తోమితినే, పోకుంటే నేనేం జేద్దును! నువ్వు పెట్టిపోయిన రంగు డబ్బాలో అడుగున రోంత ఉండె. నిన్న కోడి కూయకముందే బిందెలో కలిపి గుండంలో పోస్తి. ఏం, బాగనే మెరిసె గదా?"

సాజియా బండ మీద కూలబడింది. నవ్వాలో ఏడవాలో నిజంగానే తెలియలేదు ఆమెకు. ఇన్ని రోజుల కష్టం, కర్నూలు నుంచి మోసుకొచ్చిన సీసాలు, పరిశోధన గైడుకు పంపిన ఫొటోలు, నిన్న తిన్న బెల్లం, అన్నీ ఒక్కసారిగా గుర్తొచ్చాయి.

"ఏమిటికవ్వా? ఎవరు చెయ్యమనిరి?"

"ఒకరు చెప్పల్లనా? దినామూ ఆ మెట్ల మీద కూసోని నీళ్ల తట్టు చూస్తా, చేసిన సంగటి గూడా తినకుండా పోతాంటివి. రామలింగప్ప మొగం చూస్తే అట్ల. రంగు యాడో రాళ్ల నడుమ చిక్కుకోనుంటాది, రేపో మాపో వచ్చేదే. అంతలోపల సార్లు వచ్చి పోతే నీకు తలవంపులు గదా. అందుకని సాయం జేస్తి."

"దీన్ని సాయమంటారా!"

"అనకుంటే ఏమంటారు? దేవతకే సాయం జేసేటోళ్లం, నీకు చెయ్యలేమా?"

మాట జారిందని అవ్వకు ఆ తర్వాత తెలిసింది. జారినదాన్ని మళ్లీ ఎత్తుకుని నోట్లో పెట్టుకోలేదు కదా. సాజియా అడగకముందే చెప్పడం మొదలుపెట్టింది. ఈ ఊళ్లో జాతరనాడు కుంకుమ పూసిన నిమ్మకాయను మింగుడుబిలంలో వేస్తారు. మరునాడు అది గుండంలో తేలుతుంది. తేలితేనే ఊళ్లో విత్తనం వేస్తారు. తేలని ఏడు అంటూ లేదు. గుడి చూసే ఇంటి కోడలు ఎవరైతే వారు చీకటితో లేచి, ఇంకో నిమ్మకాయకు కుంకుమ పూసి గుండంలో వదిలేవాళ్లు. ఉరుకుందమ్మకు ఆ పని ఆమె అత్త అప్పజెప్పింది.

"దీంట్లో మోసమేముండాది?" అవ్వ మొహంలో నిజంగానే ఆశ్చర్యం. "అమ్మ పంపేది పంపుతానే ఉంటాది. కాయ తేలిక గదా, దోవలో యాడన్నా ఆగిపోతాది. ఊరోళ్లకు ఓపిక లేదు. తెల్లారేసరికి కనపడకుంటే బెదురుకోని విత్తనం ఎయ్యరు. అదును దాటిపోతాది. అమ్మ మాట నిలబెట్టడానికి మనం రోంత చెయ్యేస్తాం, అంతే."

"వచ్చిన కాయ నువ్వు ఎప్పుడన్నా చూసినావా?"

"నేను చూడలే. మా అత్తా చూడలే. మా అత్తకు వాళ్లత్త చెప్పిందంట, ఒకేడు వచ్చిందని."

కాపురానికి వచ్చిన నాటి నుంచి ఊరంతటినీ నమ్మించిన మనిషి ఒక్క ప్రశ్నకు ఇలా దొరికిపోయింది. ఎందుకంటే ఇంతవరకు ఆమెను ఎవరూ అడగలేదు.

సాజియాకు కోపం రావాలి. రాలేదు. వాళ్లమ్మ కూడా ఇంతే. పరీక్ష ఫలితాలు వచ్చే రోజు దర్గాకు పోయి, చక్కెర పంచి, పాసయ్యావని ముందే బంధువులందరికీ ఫోన్లు చేసేది. సాజియా అవ్వ తడి చేతిని తన చేతిలోకి తీసుకుంది. ఆ రంగు ఇప్పుడు తన వేళ్లకూ అంటింది.

"అవ్వా, నేను నీళ్లను ఒక మాట అడిగినా. జవాబు నీళ్లే చెప్పల్ల. నువ్వు నడుమ దూరి చెప్పేస్తివే."

"నీళ్లకు నోరుండాదా?"

"లేదనే గదా రంగు పోసింది."

"మరి ఏం చెప్పినాయి?"

"బిలంలో నీళ్లం మేం ఈ గుండానికి రావడంలేదు అని చెప్పినాయి."

అవ్వ చేతిని వెనక్కి తీసుకుంది. గుడి పక్క సందులోంచి గుండం నీళ్లు కనిపిస్తున్నాయి. ఆమె అటే చూసింది. ఈ మాటతో ముసలామె గుండె పగులుతుందేమో అని సాజియా భయపడింది. కానీ అవ్వ కళ్లలో ఉన్నది దుఃఖం కాదు.

"అయితే ఈ నీళ్లు యాడియి?"

"తెలీదవ్వా."

"బిలం తాగే నీళ్లు యాడికి పోతాండాయి?"

"అదీ తెలీదు."

"బలే చదువమ్మా నీది! మాకుండే ఒక్క తెలుసునూ పెరుక్కోని, రెండు తెలీదులు చేతిలో పెడ్తివి."

ఇద్దరూ ఒకేసారి నవ్వారు. నవ్వు ఇంకా పూర్తికాకముందే సందులోంచి దగ్గు వినిపించింది. రామలింగప్ప. ఎప్పుడు వచ్చాడో, ఎంత విన్నాడో. తలగుడ్డ విప్పి చేతిలో పట్టుకున్నాడు. విన్నదంతా మొహం మీదే ఉంది.

"ఈ మాట ఇంకా ఎవరికన్నా చెప్పినావామ్మా?"

"లేదు మామా. ఇప్పుడే తెలిసింది."

"తెలిసింది గదా. ఇంక మర్సిపో."

ఆయన బండ మీద కూర్చోలేదు, నేల మీద గొంతుక్కూర్చున్నాడు. ఆయన చేను ట్యాంకర్ల దారి పక్కనే. వాన పడినప్పుడల్లా తెల్లబురద పొర్లి వచ్చి, ఎండితే పెంకులా గట్టిపడి, పోయిన ఏడు కంది మొలక పైకి రాలేదు. అధికారుల చుట్టూ తిరిగి తిరిగి చెప్పులు అరిగిన మనిషి.

"సాజమ్మా, నేను నిన్ను అబద్ధం చెప్పమనలే. నోరు తెరవద్దంటాండా, అంతే. రంగు వచ్చినాది, అందరూ చూసినారు, వీడియో ఉండాది. వాళ్లు లాయర్లను పెట్టి నూరు అబద్ధాలు చెప్తాండారు. మాది ఒక్కటి. అది గూడా మేం చెప్పలే, ఈ ముసల్ది చెప్పింది."

"ముసల్ది అనాకు," అంది అవ్వ.

"జయకుమార్ ఊరుకుంటాడా మామా? ఇంకోసారి రంగు పొయ్యమంటాడు. అప్పుడు?"

"ఇంకోసారి గూడా అవ్వ ఉండాది గదా!"

తన మాటకు తనే నవ్వబోయి రామలింగప్ప ఆగిపోయాడు. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. తలగుడ్డతో మొహమంతా తుడుచుకున్నాడు, చెమట తుడుచుకున్నట్టు.

"చదువుకున్నోళ్ల ముందర మేం ఎప్పుడూ ఓడిపోయినోళ్లమే తల్లీ. కాయితం వాళ్లది, మిషను వాళ్లది, లెక్క వాళ్లది. ఒక్కసారికన్నా చదువు మా తట్టు నిలబడిందని నిన్న అనుకుంటిమి. అంతే."

ఉన్నది ఉన్నట్టు చెబితే బిలం ఫ్యాక్టరీలకు రాసిచ్చినట్టే. చెప్పకపోతే, ఇక ముందు తను ఏ నీళ్లను ఏమడిగినా ఆ జవాబును నమ్మే హక్కు తనకు ఉండదు. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడటమంటే ఇదే. అందులోనూ మందు వేసింది ప్రేమతో.

"సాయంత్రం లోపల చెప్తా మామా," అని లేచింది.

స్కూటరు తీసుకుని మిట్ట ఎక్కింది. ఎక్కడికి పోవాలో తెలియనప్పుడు ఆమె ఎప్పుడూ రాళ్ల దగ్గరికే పోతుంది. బిలానికి కాస్త దూరంలో పనాపిన గని ఒకటి. అక్కడ నాపరాళ్లు ఒకదాని మీద ఒకటి, పెట్టెలో మడిచి పెట్టిన చీరల్లా పొరలు పొరలుగా కనిపిస్తాయి. రోజూ చూసే గోడే. ఈ రోజు ఎందుకో మెడ పక్కకు వాల్చి చూసింది.

పొరలు సమంగా లేవు. కొంచెం వాలి ఉన్నాయి. ఊరి వైపు కాదు, మిట్టకు అవతలి వైపు. పైన నేల పల్లం ఊరి వైపే. వాన నీళ్లు పారేది ఊరి వైపే. కానీ బిలంలో దిగిన నీళ్లకు పైన నేల ఎటు వాలితే ఏం? అవి రాళ్ల సందుల్లోనే కదా నడవాలి. రాళ్లు వాలింది అటు.

ఈ సంగతి ఆమెకు తెలియక కాదు. వచ్చిన మొదటి వారంలోనే కొలిచి రాసుకుంది. కానీ తగువు ఉన్నది ఇటు పక్క. మొర పెట్టుకున్నది ఇటు ఊరు. పొట్లాలు కట్టింది ఇటు గుండంలో. దండోరా వేయించింది ఇటు పల్లెలో. అటు పక్క ఏముందో ఎవరూ అడగలేదు కాబట్టి తనూ చూడలేదు. ఉరుకుందమ్మను ఎవరూ అడగనట్టే.

అటు పక్క ఉన్నది సాలెమిట్ట. మగ్గాల ఊరు. స్కూటరు ఆ దారి పట్టింది.

ఊరి మొదట్లోనే మగ్గాల చప్పుడు వినబడాలి. వినబడలేదు. వీధులన్నీ ఖాళీ. ఊరి నడుమ రాతి మెట్ల మంచినీళ్ల బావి దగ్గర జనం గుమిగూడి ఉన్నారు. ఆడవాళ్ల చంకల్లో బిందెలు, అన్నీ ఖాళీవే. సాజియా దారి చేసుకుని గట్టు దాకా పోయి లోపలికి చూసింది. నడినెత్తిన ఎండ. బావి అడుగున నీళ్లు పలచటి చిలకపచ్చ రంగులో మెరుస్తున్నాయి.

ముందు సంతోషమే వేసింది. దాచి లాభం లేదు, ఒళ్లు జలదరించేంత సంతోషం. మిట్ట కింద చీకట్లో, ఎవరూ చూడని దారుల్లో, తన రంగు నడుచుకుంటూ ఇంత దూరం వచ్చింది. ఎవరూ సాయం చెయ్యకుండా వచ్చింది. అవ్వ ఇక్కడ ఉంటే ఎంత బాగుండును అనుకుంది.

ఆ తర్వాతే చుట్టూ మాటలు చెవిన పడ్డాయి.

"చెప్పు సాహెబ్, ఊర్లో రంగులేసేటోడివి నువ్వొక్కడివే. నీది గాక ఇంకెవరిది?"

బావికి అవతల ఒక పెద్దాయన నేల మీద కూర్చున్నాడు. తెల్ల గడ్డం, మోచేతుల దాకా ఎర్రరంగు. నూలుకు రంగులు వేసే రసూల్ సాహెబ్. ఆయన ముందు రంగుల బానలు రెండు బోర్లపడి ఉన్నాయి. ఒలికిన ఎర్రరంగు మట్టిలో ఇంకిపోయింది. ఆయన మీదికి వంగి మాట్లాడుతున్నవాడు ఓబులేష్, సాలెమిట్ట నేతగాళ్ల పెద్ద. చేతిలో చిలప, అంటే నూలు కట్ట. తెల్ల పంచెలకని ఈ బావి నీళ్లతో గంజి పెట్టిన పడుగు నూలు, పచ్చగా జీర పట్టి ఉంది.

"ఓబులేషప్పా, మీ నాయన నూలుకు గూడా నేనే రంగేసినా. జాతర చీరల అంచులకని ఈ నెలంతా ఎరుపే కలిపినా. పచ్చ ముట్టుకోలేదంటే నమ్మవేంది?"

"రంగేనా నువ్వు కలిపింది?" ఒకామె బిందె వంచి చూపించింది. "ఆర్నెల్లుగా చూస్తాండాం, బిందె అడుగున సున్నం మాదిరి తెల్లగా పేరుకుంటాండాది. పిల్లోళ్లకు కడుపు నొప్పి. అది గూడా నీ మందులే."

సాజియా ఆ బిందెలోకి చూసింది. అడుగున మెత్తగా, తెల్లగా, వేలితో ముట్టుకుంటే జారిపోయే బురద. ఆ బురదను ఆమె ఎక్కడ చూసిందో మనకు తెలుసు. రామలింగప్ప చేను మీద.

"ఆయన బానలన్నీ పగలగొట్టి ఊరు దాటిచ్చేదే," అన్నారెవరో వెనకనుంచి. "పంచాయతీ అదే తేల్చినాది."

రసూల్ సాహెబ్ ఎర్రటి అరచేతులు చూసుకుంటూ కూర్చున్నాడు. ఆ చేతులు ఎరుపుగా ఉండటమే ఆయన సాక్ష్యం. దాన్ని ఎవరూ చూడటం లేదు.

అప్పుడే సాజియా సంచిలో ఫోను మోగింది. రామలింగప్ప.

"సాజమ్మా, యాడుండావు? పెద్దసార్లు రేపు గాకుండా ఈ పూటే వచ్చేసినారు. వీడియో చూసి వచ్చినారంట. అందరం గుండం కాడ్నే ఉండాం. నువ్వు వచ్చేలోపల ఫోన్లోనే ఒక మాట చెప్పమంటాండారు. ఏమీ లేదు, అవునని అంటే చాలు. స్పీకర్లో పెట్టినా, చెప్పు తల్లీ."

ముందు నుయ్యి, వెనక గొయ్యి అని మాటవరసకు అంటాం. సాజియా ముందు నిజంగానే బావి ఉంది. ఓబులేష్ ఆమెను అప్పుడే గమనించాడు. కొత్త మనిషి, భుజాన సంచి, చేతిలో ఫోను.

"ఎవరమ్మా నువ్వు? ఈడేం పని?"

నోరు తెరిస్తే గుండాలపల్లె ఓడిపోతుంది. మూసుకుంటే ఈ ముసలాయన ఊరు విడిచిపోతాడు. పిల్లలు ఈ బావి నీళ్లే తాగుతూ ఉంటారు. ఆలోచించుకోవడానికి సాయంత్రం దాకా గడువు అడిగింది కానీ, జవాబు ఎప్పుడో ఆమె నాలుక చివరికి వచ్చేసింది.

"సాహెబ్ తాతను లేపండి," అంది ఆమె. "ఆ రంగు ఆయనది కాదు. నాది."

ఓబులేష్ చేతిలోని చిలప జారి కిందపడింది. రసూల్ సాహెబ్ తలెత్తాడు. సాజియా ఫోను ఇంకా చెవి దగ్గరే పట్టుకుని ఉందని, అవతల గుండం దగ్గర అందరూ ఆ మాట విన్నారని ఆమెకు తెలిసేసరికి ఆలస్యమైంది. అటునుంచి రామలింగప్ప గొంతు రాలేదు. నింపాదిగా, మర్యాదగా, ఇంకో గొంతు వచ్చింది.

"మేడమ్, నేను జయకుమార్‌ని. పెద్దసార్లు నా పక్కనే ఉన్నారు. ఒక్క మాట స్పష్టంగా చెప్పండి. ఏ రంగు మీది? నేను నిలబడ్డ ఈ గుండంలోదా, మీరు నిలబడ్డ చోటుదా?"